పాయలు కుడి నుంచి లెక్క

మా అత్తయ్య నా పార్లర్‌లోకి మొట్టమొదటిసారి అడుగుపెట్టింది ఆ ఏడు వానలు పట్టుకున్న వారంలోనే. నేను ఆ ఇంటికి కోడలిగా వచ్చి అప్పటికే చాలా ఏళ్ళు. వీధివైపు గదిలో ఓ కుర్చీ, గోడంత అద్దం పెట్టుకుని ఆడవాళ్ళకి జుట్టు కత్తిరించడం, జడలు వెయ్యడం మొదలుపెట్టీ ఏళ్ళే. అయినా వంటింట్లోంచి పార్లర్‌లోకి ఉన్న తలుపును ఆవిడ ఒక్కసారైనా తీసి చూసింది లేదు. ఆ రోజు ఆ తలుపు మీద వేలితో తట్టి మరీ లోపలికి వచ్చింది. సొంత ఇంట్లో తలుపు తట్టిన మనిషిని చూసి నాకు కంగారు పుట్టింది.

వాన మూలాన బేరాల్లేవు. నేను దువ్వెనలు కడుక్కుంటున్నాను. ఆవిడ కుర్చీ చేతిని తడిమి చూసుకుని, కూర్చోకుండా నిలబడే అడిగింది.

"అమ్మాయ్, మూడుపాయల జడ వేసేటప్పుడు ముందు ఏ పాయ ఎత్తుతావు?"

ఆవిడ కాలేజీలో లెక్కల ప్రొఫెసర్‌గా చేసి రిటైరయిన మనిషి. ఆ నోటి నుంచి వస్తే "కరెంటు వచ్చిందా" అన్న మాట కూడా పరీక్ష పేపర్లో ప్రశ్నలాగే వినిపించేది. ఆలోచించాను. రోజుకు ఎన్ని జడలు వేస్తానో నాకే లెక్క తెలియదు, కానీ ముందు ఎత్తే పాయ ఏదో ఎంత ఆలోచించినా గుర్తుకు రాలేదు. చేతులకి తెలుసు గానీ నాకు తెలియదని చెప్పాను. ఏ మాటకామాటే, ఆవిడ నవ్వలేదు. అదీ ఒక జవాబేనని, వచ్చినంత నెమ్మదిగా వెళ్ళిపోయింది.

మా ఇద్దరికీ గొడవలుండేవని కాదు. గొడవలుంటే ఎంతో బాగుండేది, అప్పుడప్పుడూ గట్టిగా అరుచుకుని తేలికపడేవాళ్ళం. మా మధ్య ఉన్నది మర్యాద. "మీ పార్లర్ మూసేశారా?" అని అడిగేది ఆవిడ. అందులో ఉండేది నేనొక్కదాన్నే. అయినా ఆ "మీ" అన్న మాటతో నన్నూ, లోకంలో కత్తెర పట్టిన ప్రతివాళ్ళనీ గోడకి అవతల నిలబెట్టేది. నేనూ తక్కువ తినలేదు. ఆవిడ గదిలో పేరుకున్న కాగితాల్ని "మీ లెక్కలు" అనేదాన్ని, అవేవో తుడిచినా పోని మరకలైనట్టు.

మా ఆయన బస్సు డ్రైవరు. ప్రొఫెసర్ కొడుకు స్టీరింగు పట్టుకున్నాడేమని ఊళ్ళో అందరికీ దిగులే గానీ, ఆ తల్లికి ఏ దిగులూ లేదు. సెలవురోజు మిట్టమధ్యాహ్నం దాకా మంచం దిగకపోతే మాత్రం "జడపదార్థం" అని ఒక్క మాట అని ఊరుకునేది. ఆయన దులిపేసుకునేవాడు. అత్తాకోడళ్ళ మధ్య తను ఈజ్‌ఈక్వల్‌టు గుర్తులాంటివాణ్ణనీ, అటూ ఇటూ సమానంగా మోయడం తప్ప తనకు వేరే పనిలేదనీ చెప్పుకుని తిరిగేవాడు.

ఆ సాయంత్రం భోజనాల దగ్గర సంగతంతా బయటికి వచ్చింది. ఆవిడ మా పెళ్ళికి ముందు నుంచీ ఒక పరిశోధన గ్రంథం రాస్తోందని నాకు తెలుసు. అది దేని గురించో ఎప్పుడూ అడగలేదు, అడిగితే చెబుతుందేమోనని భయం. జడల గురించట. నేను నవ్వాను. మా ఆయనైతే పొలమారి దగ్గాడు. బోడిగుండుకీ మోకాలికీ ముడిపెట్టడమంటే ఇదేనన్నాడు.

"ముడులది వేరే పుస్తకం. ఇది జడలదే," అంది అత్తయ్య.

తర్వాత నాకు అర్థమయ్యేట్టు చెప్పింది. పై నుంచి కిందికి కొన్ని పాయలు వేలాడుతుంటాయి. ఒకటి పక్కదాని మీదుగానో కింద నుంచో దాటుతుంది. వెనక్కి తిరిగి పైకి పోవడం ఉండదు. లెక్కల్లో జడంటే అంతే. చూడ్డానికి వేరుగా ఉన్న రెండు జడలు నిజానికి ఒకటే అని ఎలా తేల్చాలి, ఒక జడ తర్వాత ఇంకొకటి వేస్తే ఏమవుతుంది, వేసినదాన్ని విప్పే జడ ఏది, ఇలాంటివి ఆ పుస్తకం నిండా ఉన్నాయట. వాటన్నిటినీ కలిపి "జడ సమూహం" అంటారంది. ఆ మాట వినగానే నాకు స్కూల్ వార్షికోత్సవం రోజున మా పార్లర్ ముందు వరసకట్టే ఆడపిల్లలు కళ్ళముందు మెదిలారు.

అసలు చిక్కు అక్కడ కాదు. పుస్తకం అచ్చుకు వెళ్ళింది. మాటలు, లెక్కలు కూర్పు అయిపోతున్నాయి. బొమ్మలే లేవు. ప్రచురణ సంస్థవాళ్ళు ఎవరో డ్రాఫ్ట్స్‌మన్‌తో గీయిస్తే, అతను ప్రతి దాటునూ ఇంటూ గుర్తులా గీసిపెట్టాడు. పైనున్న పాయ ఏదో కిందిది ఏదో తెలియకపోతే అది జడ కాదు, గళ్ళ చొక్కా అంది ఆవిడ. తనే గీద్దామంటే రెండు కళ్ళలోనూ శుక్లాలు. ఎదురుగా ఉన్న మనిషి మసగ్గా కనిపిస్తాడు గానీ కాగితం మీది గీత కనపడదు. అప్పట్లో పొర ముదిరితేగాని కొయ్యమని డాక్టర్లు అనేవారు. వానలు వెళ్ళాక రమ్మన్నాడు ఆవిడ డాక్టరు. అటు సంపాదకుడేమో వానలు వెళ్ళేలోపు బొమ్మలు చేతికి వచ్చి తీరాలన్నాడు. వచ్చే ఏడాది నుంచి వాళ్ళ సంస్థ స్కూలు పుస్తకాలు తప్ప వెయ్యదట. అంటే ఈ వానాకాలంలో అయితే అయినట్టు, లేకపోతే అన్నేళ్ళ పని అటకెక్కినట్టే. ఇదంతా ఆవిడ పాఠం అప్పజెప్పినట్టు చెప్పింది గానీ, చెయ్యి మాత్రం కంచంలోనే ఆగిపోయింది.

"నాకు నీ చేతులు కావాలి," అంది చివరికి.

మా ఆయన నా మొహం చూశాడు. బేరాలు లేనప్పుడు కూర్చుందాంలెండి అన్నాను, కొంచెం బెట్టుగానే. నిజం చెప్పొద్దూ, ఆ మాట కోసం ఎన్నేళ్ళ నుంచి ఎదురుచూస్తున్నానో అప్పుడే తెలిసింది నాకు. గిన్నెలు కడుగుతూ ఏదో పాట కూనిరాగం తీశానట, మా ఆయన చాలాకాలం దెప్పాడు.

మర్నాడు ఆవిడ ఓ సంచీ నిండా రంగురంగుల తాళ్ళు తెచ్చింది. కర్టెన్లకు కట్టే మెత్తటి తాళ్ళు. వచ్చినవాళ్ళు గొడుగులు, తడి కోట్లు తగిలించుకునే స్టాండు ఒకటి ఉండేది నా దగ్గర. దాన్ని వెనకగోడ వారగా నిలబెట్టి, పై కడ్డీకి తాళ్ళు వరసగా కట్టాను. ఆవిడ బెంచీ మీద కూర్చుని కళ్ళు మూసుకుని చెప్పేది. మొదటిది రెండోదాని మీదుగా, రెండోది మూడోదాని కింద నుంచి, అలా. కాగితం లేదు, కలం లేదు, పుస్తకమంతా ఆవిడ తలలోనే ఉండేది. ఆవిడ చెప్పినట్టు నేను తాళ్ళు దాటించేదాన్ని. అయ్యాక లేచి వచ్చి, పై నుంచి కొస దాకా ప్రతి దాటునూ వేళ్ళతో తడిమి చూసుకునేది. అన్నీ సరిగ్గా ఉంటే "ఊఁ" అనేది. ఆవిడ నోట "శభాష్" ఎన్నడూ వినలేదు నేను. "ఊఁ" అంటే నూటికి నూరు మార్కులన్నమాట.

అప్పుడు నేను గీసేదాన్ని. వానాకాలపు చీకట్లో పార్లర్ మొత్తానికి కలం మొన కనిపించే చోటు ఒక్కటే, అద్దం కింద ఉన్న బల్ల. దాని పైన వరసగా బల్బులు. అక్కడ కూర్చుంటే తాళ్ళు నా వెనక్కి పడతాయి. పడితేనేం, ఎదురుగా అద్దంలో నిక్షేపంగా కనిపిస్తున్నాయి కదా. మా వృత్తిలోవాళ్ళం మనుషుల్ని చూసేది అద్దంలోనే. కబుర్లు చెప్పేదీ, మొహమాటపడేదీ, బాగుందా అని అడిగేదీ అద్దంలోని మొహంతోనే. నా దగ్గరికి నెలనెలా వచ్చే మనిషి రోడ్డు మీద ఎదురైతే ఒక్క క్షణం పోల్చుకోలేను. ఎందుకంటే పాపిడి రెండోవైపు ఉంటుంది.

పాయల పక్కన అంకెలు వెయ్యనా అని మొదట్లో అడిగాను. అక్కర్లేదంది. ఎడమ నుంచి లెక్కపెట్టాలని మొదటి పేజీలోనే రాసిందట. అది కూడా చదవనివాడు ఈ పుస్తకం కొనడు, కొన్నవాడు మొదటి పేజీ దాటి పోడు అంది. ఆవిడ హాస్యం ఆడుతుందని నాకు ఆ రోజే తెలిసింది.

వాన కురుస్తున్నకొద్దీ బొమ్మలు పెరిగాయి. నాలుగుపాయలవి, ఐదుపాయలవి, చూస్తేనే కళ్ళు తిరిగేవి. మా పార్లర్‌కి ఉంగరాల జుట్టావిడ ఒకామె వచ్చేది. ఇంటిపేరుతో పనిలేదు, వీధంతా ఆమెను ఉంగరాలమ్మ అనే పిలిచేవాళ్ళు. ఆమె తల నా చేతిలో ఉండగా అత్తయ్య బెంచీ మీద నుంచి ఐదుపాయల జడకు విరుగుడు జడ చెబుతుంటే, ఆమె అద్దంలోంచే నన్ను చూసి, మీ అత్తగారు ఎవరికి చేతబడి చేయిస్తున్నారని గుసగుసగా అడిగింది. అత్తయ్య చెవులు మాత్రం పాముచెవులు. లెక్కల డిపార్ట్‌మెంటుకని చెప్పింది.

ఒకరోజు మాత్రం నేను అనకుండా ఉండలేకపోయాను. ఈ జడలన్నీ ఒకటా కాదా అని ఇంత లెక్క ఎందుకు, దువ్వెన పెడితే తెలిసిపోదా అన్నాను. ఆవిడ కళ్ళు తెరిచి, నేనున్న వైపు మొహం తిప్పింది. తప్పుగా అన్నానేమో అనుకున్నాను.

"మేమూ దాన్ని దువ్వడమనే అంటాం. మూడో అధ్యాయమంతా అదే," అంది.

చెప్పొద్దూ, ఆ రోజంతా నా కాళ్ళు నేల మీద లేవు. వచ్చిన ప్రతి తలకీ లెక్కల్లో కూడా దువ్వుతారు తెలుసా అని చెప్పాను. అడగనివాళ్ళకి కూడా చెప్పాను.

గీత వణక్కుండా వస్తోందా అని ఆవిడ అప్పుడప్పుడూ అడిగేది. తను చూడలేదు కాబట్టి నేనే చెప్పాలి. వణకడం లేదనే చెప్పేదాన్ని, అది నిజమే. ఒక్కో కాగితం పూర్తయ్యాక ఆవిడ దాన్ని చేతుల్లోకి తీసుకుని, కనపడకపోయినా కళ్ళ దగ్గరగా పెట్టుకుని, జాగ్రత్తగా అట్టపెట్టెలో పెట్టేది. ఆ వానాకాలమంతా వంటింటి తలుపు మూసింది లేదు. కూరల వాసన షాంపూలో కలుస్తోందని ఉంగరాలమ్మ గొణిగినా మేం మూయలేదు.

వానలు తగ్గుముఖం పట్టగానే సంపాదకుడు గొడుగేసుకుని తనే వచ్చాడు. మంచి మనిషి. పెట్టెను రెక్సిన్ గుడ్డలో చుట్టి పసిబిడ్డను ఎత్తుకున్నట్టు ఎత్తుకుపోయాడు. ఆ తర్వాత అత్తయ్యకు ఒక కన్ను, కొన్నాళ్ళకి రెండో కన్ను ఆపరేషన్ అయ్యాయి. సోడాబుడ్డి కళ్ళద్దాలు ఇచ్చారు. అవి పెట్టుకుని ఇల్లంతా కొత్తగా అద్దెకు దిగినట్టు తిరిగి చూసింది. కొడుకును చూసి, "ఒరేయ్, నీకు చెవుల దగ్గర నెరిసిందిరా," అంది. తర్వాత నా వంక చాలాసేపు చూసింది.

"నువ్వు బావుంటావు," అంది, లెక్క చేసి జవాబు చెప్పినట్టు.

నేను టీ పెట్టడానికి వంటింట్లోకి పోయాను. టీ కప్పులో ఉప్పు వేశానో పంచదార వేశానో నాకే తెలియదు. ఆవిడ చుక్క మిగల్చకుండా తాగింది.

అచ్చుప్రూఫులు వచ్చిన రోజు మంచి ఎండ. వెలుతురు బాగుంటుందని ఆవిడ పార్లర్ కుర్చీలోనే కూర్చుని ఒక్కో పేజీ తిప్పుతోంది. నేను నేల ఊడుస్తున్నాను. కాగితాల చప్పుడు ఆగిపోయింది. మళ్ళీ మొదటి నుంచి తిప్పిన చప్పుడు వినిపించింది. నేను ఊడుస్తూనే ఉన్నాను. మెచ్చుకుంటుందేమోనని చూస్తున్నాను కూడా.

"అమ్మాయ్, నువ్వు ఎడంచేతి వాటమా?"

కాదన్నాను. మరి ఈ బొమ్మలు ఎక్కడ కూర్చుని గీశావని అడిగింది. చీపురు పక్కన పెట్టి అద్దం కింద బల్ల దగ్గర కూర్చుని చూపించాను. ఆవిడ వచ్చి నా వెనకాల నిలబడింది. చివరి జడ ఇంకా స్టాండుకు వేలాడుతూనే ఉంది. ఆవిడ వెనక్కి తిరిగి తాళ్ళను చూసింది, ముందుకు తిరిగి అద్దంలో చూసింది. రెండుసార్లు అలా చూసింది.

"అన్నీ తిరగబడ్డాయి," అంది.

నాకు వెంటనే బుర్రకెక్కలేదు. తాడు మీద ఎడమపాయ కుడిదాని మీదుగా వెళ్తే, నా కాగితం మీద కుడిపాయ ఎడమదాని మీదుగా వెళ్ళింది. అద్దం చేసే పని అదే కదా. ఒక బొమ్మలో కాదు, ప్రతి బొమ్మలోనూ. ఉంగరాలమ్మకి జడ ఎటు నుంచి వేసినా జడే. లెక్కల్లో అలా కాదట, ఆ రెండింటికీ కూడికకీ తీసివేతకీ ఉన్నంత తేడా. పుస్తకంలో ప్రతి లెక్కా ఒకటి చెబుతుంటే దాని పక్క బొమ్మ దానికి అడ్డంగా తల ఊపుతోంది. ఆవిడ వేళ్ళతో తడిమి సరిచూసింది తాళ్ళను. కాగితాన్ని సరిచూసే కళ్ళు అప్పటికి ఇంట్లో నావే.

సంపాదకుడికి ఫోన్ చేసింది. ఆయన పాపం నొచ్చుకున్నాడు. బొమ్మలన్నిటికీ అచ్చువేసే లోహపు బ్లాకులు తయారైపోయాయి, ఇంక మళ్ళీ చేయించే వీల్లేదు. అచ్చంటేనే అద్దం, బ్లాకులో తిరగబడితేనే కాగితం మీద సరిగ్గా పడుతుంది, మీరు ముందే తిరగేసి పంపారని మాకెలా తెలుస్తుందమ్మా అన్నాడు. కావాలంటే వెనక తప్పొప్పుల పట్టిక వేద్దామన్నాడు. అందులో ఏమని వేస్తారు, బొమ్మలన్నీ తప్పు అనా. అలాంటి పుస్తకాన్ని ఎవడు ముట్టుకుంటాడు.

అన్నీ మళ్ళీ గీస్తానన్నాను. తిండీ నిద్రా మానేసి గీస్తానన్నాను. గీసినా బ్లాకులు లేవు కదా అంది ఆవిడ. తిడుతుందేమోనని నిలబడ్డాను. తిట్టలేదు. ప్రూఫులు తీసుకుని లోపలికి వెళ్ళింది. వెళ్తూ మధ్యతలుపు దగ్గరగా వేసుకుంది. నాకు ఏడుపు వచ్చింది, పుస్తకం కోసం కొంత, తలుపు కోసం కొంత.

మా ఆయన డ్యూటీ దిగి వచ్చాక చెప్పాను. ఆయన స్టాండుకున్న జడనీ, అద్దంలోని జడనీ మార్చి మార్చి చూసి, తనకు రెండూ ఒకలాగే ఉన్నాయన్నాడు. ఓదార్చడానికే అన్నాడు గానీ, చేతిలో ఉన్న బ్రష్షు ఆయన మీదికి విసిరాను.

మర్నాడు పొద్దున్నే తలుపు తెరుచుకుంది. ఆవిడ తట్టలేదు. తిన్నగా వచ్చి కుర్చీలో కూర్చుని, ప్రూఫుల్లోంచి ఒక బొమ్మ తీసి అద్దానికి ఎదురుగా పట్టుకుంది. నేను దూరంగా నిలబడ్డాను. కాగితం మీద తిరగబడ్డ జడ అద్దంలో సరిగ్గా ఉంది.

"నువ్వు తప్పు గియ్యలేదు. నువ్వున్న చోటు నుంచి ఏది కనిపించిందో అదే గీశావు. నేను నేనున్న చోటు నుంచి రాశాను. మనం ఎక్కడున్నామో ఒకళ్ళనొకళ్ళం అడుక్కోలేదు, అంతే," అంది.

పెన్సిల్ అడిగింది. మొదటి పేజీ ఒళ్ళో పెట్టుకుంది. అందులో "మేము పాయలను ఎడమ నుంచి కుడికి లెక్కిస్తాము" అని ఉంది. ఎడమ కొట్టేసి కుడి అని రాసింది. కుడి కొట్టేసి ఎడమ అని రాసింది. దాని కింది వాక్యంలో, ఎడమపాయ కుడిపాయ మీదుగా వెళ్తే అది ధన దాటు అని ఉంటే, అక్కడా అటుదిటు ఇటుదటు చేసింది. పెన్సిల్ పక్కన పెట్టేసింది.

బొమ్మలు మార్చొద్దా అన్నాను. వద్దంది. మరి లెక్కలు? ఒక్క అక్షరం మారదంది. ఏ వైపు నుంచి మొదలుపెట్టామన్నది లెక్కకి పట్టదు, మొదలుపెట్టిన వైపే కడదాకా ఉన్నామా అన్నదే పడుతుంది అంది. నాకు నమ్మబుద్ధి కాలేదు. రాత్రంతా నేను ఏడ్చిన దానికి రెండు వాక్యాల మందా?

ఆవిడ ఊరికే నమ్మమనలేదు. కొత్త కళ్ళద్దాలతో కళ్ళు త్వరగా అలిసిపోతున్నాయి కాబట్టి, పుస్తకమంతా నన్నే చదివి వినిపించమంది. నాకు అందులో సగం మాటలు నోరు తిరగవు. ఎక్కడైనా ఎడమ, కుడి అన్న మాటలు వస్తే ఆపాలి. ఆపిన చోట ఆవిడ ఆలోచించి మార్చమనో ఉంచమనో చెప్పేది. లేని పేలు వెతికినట్టు వెతికాను. అలా చదువుతుండగా మధ్యలో ఆవిడే ఆపింది.

"ఈ మేము ఏమిటి, మేము నిరూపిస్తాము, మేము చూపిస్తాము అని? చదివేవాళ్ళని గుమ్మం బయట నిలబెట్టినట్టుంది. మనం అని మార్చు."

పుస్తకమంతా మార్చాను. ఆ మార్పులన్నీ చూసి ప్రెస్సులో అక్షరాలు కూర్చేవాడు తల పట్టుకునుంటాడు. సంపాదకుడు ఆ సంగతి పట్టించుకోలేదు గానీ, కుడి నుంచి లెక్కంటే మాత్రం ఉలిక్కిపడ్డాడు. ఈ విషయం మీద పుస్తకాలు రాసినవాళ్ళందరూ ఎడమ నుంచే లెక్కపెట్టారనీ, పెద్దవాళ్ళు నవ్వుతారనీ, వయసు మీదపడి తికమకపడిందని అంటారనీ ఫోన్లో చాలాసేపు చెప్పాడు. ఆవిడ అంతా విన్నది. నవ్వనివ్వండి, అద్దం ముందు నిలబడితే వాళ్ళకే తెలుస్తుందని చెప్పి ఫోన్ పెట్టేసింది. పెట్టేశాక కాసేపు ఆ ఫోన్ మీదే చెయ్యి వేసి కూర్చుంది. ఉద్యోగం చేసినన్నాళ్ళూ ఎడమ నుంచే పాఠం చెప్పాను అంది, నాతో కాదు, ఊరికే. ఆవిడకి బాధ లేదని నేను అనను. ఆవిడ శిష్యులే నవ్వుతారని తెలుసు. తెలిసే ఆ రెండు వాక్యాలూ ఉంచింది.

నవ్వినవాళ్ళు నవ్వారు. కొన్నేళ్ళ తర్వాత ఒక పెద్దాయన ఆ పుస్తకం పట్టుకుని పనిగట్టుకుని మా ఇంటికి వచ్చాడు. నా అద్దం ముందు నిలబడి, ఒక్కో బొమ్మా అద్దానికి చూపించి, తల ఊపుకుంటూ, పనిలో పనిగా జుట్టు కూడా కత్తిరించమన్నాడు. ఆడవాళ్ళకే చేస్తానన్నా వినలేదు. కానీ అది తర్వాతి మాట.

పుస్తకం ఇంటికి వచ్చింది చలి మొదలయ్యాక. నీలం అట్ట, మధ్యలో నేను గీసిన నాలుగుపాయల జడ. మా ఆయన యూనిఫామ్ కూడా విప్పకుండా మొదటి పేజీ తెరిచి గట్టిగా చదివాడు. "ఈ పుస్తకంలో మనం పాయలను కుడి నుంచి ఎడమకు లెక్కిస్తాం. అద్దం ముందు కూర్చుని జడ వేయించుకున్నవారికి ఇది కొత్త కాదు. బొమ్మలు మా కోడలు గీసినవి." ఇంకో నాలుగు పేజీలు తిప్పి, తన పేరెక్కడా లేదేమని అడిగాడు. జడపదార్థం గురించి వేరే పుస్తకం రాస్తాలేరా అంది వాళ్ళమ్మ. నేను పొట్ట చెక్కలయ్యేట్టు నవ్వాను. నవ్వుతూనే ఆ మూడో వాక్యం ఇంకోసారి చదివించుకున్నాను.

ఆయన స్నానానికి వెళ్ళాక ఆవిడ వచ్చి నా కుర్చీలో కూర్చుంది. తలలోంచి పిన్నులు ఒక్కొక్కటే తీసి బల్ల మీద పెట్టింది. నేను ఆ ఇంటికి వచ్చిన దగ్గర్నుంచీ ఆవిడ తలకి ముడి తప్ప మరోటి చూడలేదు, ఆ ముడిని ఎవర్నీ ముట్టుకోనిచ్చిందీ లేదు. విప్పితే జుట్టు పల్చగా, వీపు సగం దాకా ఉంది. జుట్టున్నమ్మ ఏ కొప్పు పెట్టినా అందమేనంటారు, నాకు మూడుపాయలకైనా సరిపోతుందో లేదో చూడు అంది. సరిపోతుందన్నాను. చిక్కు తీసి, దువ్వి, మూడు పాయలు చేశాను.

"ముందు ఏ పాయ ఎత్తుతావు?" అంది.

ఆ వానాకాలమంతా నా చేతుల్ని నేనే చూసుకున్నాను కాబట్టి ఈసారి నాకు తెలుసు.

"కుడిది, అత్తయ్యా."

"ఎవరి కుడి?"

తలెత్తి చూశాను. అద్దంలో ఆవిడ కుర్చీలో ఉంది, నేను వెనక నిలబడి ఉన్నాను. ఇద్దరం ఒకే వైపు చూస్తున్నాం.

"మన కుడి," అన్నాను.

"ఊఁ," అంది ఆవిడ.